చందమామా, పిక్చర్ ట్యూబూ: నామ్ జూన్ పైక్ యంత్రాల చరిత్ర

కొరియా వారు మనలాగే ఇంటిపేరు ముందు, పెట్టినపేరు తరువాత చెప్పుకుంటారు. 1932 జూలై 20న సోల్ నగరంలో పుట్టిన ఒక బట్టల వ్యాపారి కొడుకు పేరు వారి వరసలో బేక్ నామ్‌జున్. బేక్ ఇంటిపేరు. అతడు జర్మనీకీ, ఆ తరువాత అమెరికాకూ వెళ్లేసరికి పేరు వెనకది ముందయి, ఉచ్చారణ కొంత మారి, నామ్ జూన్ పైక్‌గా స్థిరపడింది. తమిళనాట తరాలుగా ఉంటున్న మన తెలుగు కుటుంబాల్లో ఇంటిపేరు పెళ్లి సంబంధాలు మాట్లాడుకునేటప్పుడు మాత్రమే బయటికి వచ్చి, బడి రిజిస్టరులో తండ్రిపేరు మొదటి అక్షరం దాని స్థానాన్ని ఆక్రమించుకున్న సంగతి ఈ పత్రిక చదివే విద్యార్థులకు వేరే చెప్పనక్కరలేదు. పేరు తిరగబడటం చిన్న విషయంగానే కనిపిస్తుంది. భాషాశాస్త్రం చదువుకున్నవాళ్లం గనుక మా చూపు ముందు అక్కడికే పోయింది.

టీవీ, కెమెరా, టేపు, ఉపగ్రహం, కంప్యూటరు వంటి పరికరాలనే శిల్పి రాయిని వాడుకున్నట్టు వాడుకునే కళను ఇప్పుడు నవమాధ్యమ కళ అంటున్నారు. అందులో వీడియో శాఖకు ఆద్యుడు ఎవరంటే ఎక్కువమంది చరిత్రకారులు పైక్ పేరే చెప్తారు. మేము కళావిమర్శకులం కాము. అయినా ఆయన చరిత్రను తెలుగులో చెప్పాలనిపించడానికి కారణం మా దగ్గర ఉన్న కొన్ని పాత క్యాసెట్లు. వాటి సంగతి సందర్భం వచ్చినప్పుడు చెప్తాము.

పైక్ పుట్టేనాటికి కొరియా జపాను ఏలుబడిలో ఉంది. 1910లో మొదలైన ఆ పాలన 1945 దాకా సాగింది. 1938 తరువాత బడుల్లో కొరియన్ భాషకు చోటు లేకుండా పోతూ వచ్చింది. 1940లో కొరియన్లు జపాను పద్ధతి ఇంటిపేర్లు పెట్టుకోవాలన్న విధానం అమలులోకి వచ్చింది. అంటే పైక్ అక్షరాలు దిద్దిన కాలం, ఇంట్లో ఒక భాష, బడిలో మరొక భాష అన్న కాలం. మన విద్యార్థుల్లో చాలామందికి ఇది అనుభవంలో ఉన్నదే. అయితే ఒక తేడా ఉంది. కన్నడమో తమిళమో ఒడియానో మరాఠీనో బడిలో చదువుకున్నంత మాత్రాన మనల్ని ఎవరూ ఇంటిపేరు మార్చుకోమనలేదు. రెంటినీ ఒకే గాటన కట్టకూడదు.

1950లో కొరియా యుద్ధం వచ్చింది. కుటుంబం సోల్ విడిచి హాంకాంగ్ మీదుగా జపాను చేరింది. అప్పటికి పైక్‌కు పద్దెనిమిదేళ్లు. టోక్యో విశ్వవిద్యాలయంలో చదివి, ఆస్ట్రియా సంగీతకర్త షోన్‌బెర్గ్ మీద పరిశోధనా వ్యాసం రాసి, 1956లో పట్టా పుచ్చుకొని జర్మనీ వెళ్లాడు. పాశ్చాత్య సంగీతాన్ని దాని పుట్టింట్లో నేర్చుకోవాలని ఆయన ఆశ. వెళ్లినచోట 1958లో అమెరికన్ సంగీతకర్త జాన్ కేజ్ పరిచయమయ్యాడు. నిశ్శబ్దమూ, వీధిలో వినబడే చప్పుడూ కూడా సంగీతంలో భాగమేనన్నది కేజ్ వాదం. దానితో పైక్ దారే మారిపోయింది. 1960లో కొలోన్‌లో ఒక ప్రదర్శన మధ్యలో సభలోకి దిగివచ్చి, గురుతుల్యుడైన అదే కేజ్ మెడలోని టైని కత్తెరతో కత్తిరించాడు. మన వైపు గురువుగారి కండువాకు ఎవరైనా కత్తెర పెడితే ఏమవుతుందో ఊహించుకోవచ్చు. కేజ్ మాత్రం ఆ స్నేహాన్ని వదులుకోలేదు.

అసలు కథ 1963 మార్చిలో మొదలవుతుంది. పశ్చిమ జర్మనీలోని వుప్పర్టాల్ పట్టణంలో రోల్ఫ్ యేర్లింగ్ అనే వాస్తుశిల్పి తన ఇంట్లోనే పార్నాస్ అనే చిత్రశాల నడిపేవాడు. పైక్ తొలి ఏకవ్యక్తి ప్రదర్శన అక్కడ, ఆ నెల 11 నుంచి 20 దాకా జరిగింది. గుమ్మానికి అప్పుడే కోసిన ఎద్దు తల వేలాడదీశాడు. లోపల రూపం మార్చిన పియానోలు. ఒక గదిలో పాతవి కొనితెచ్చిన టీవీ పెట్టెలు. ఆ రోజుల్లో అక్కడ టీవీ ప్రసారాలు సాయంత్రం కొద్దిసేపే ఉండేవి కాబట్టి ప్రదర్శన కూడా సాయంత్రమే తెరిచారు. పెట్టెల లోపలి తీగలను మార్చి, వచ్చే బొమ్మను వంకరలు పోయేట్టు, తలకిందులయ్యేట్టు చేశాడు పైక్. ఒక పెట్టె రవాణాలో దెబ్బతిని, తెర మొత్తం మీద ఒక్క గీత తప్ప ఏమీ రావడం లేదు. మనమైతే మెకానిక్కు దగ్గరికి పంపుతాము. ఆయన పెట్టెను పక్కకు తిప్పి ఆ గీతను నిలువుగీత చేసి, జెన్ అని పేరు పెట్టి గోడవార నిలబెట్టాడు.

ఆ ప్రదర్శన గురించి రాసేవారు ఎక్కువగా టీవీల సంగతే రాస్తారు. జర్మన్ శిల్పి యోసెఫ్ బోయిస్ గొడ్డలితో వచ్చి ఒక పియానోను నరికిన ఘట్టం కూడా తప్పక చెప్తారు. మమ్మల్ని పట్టి నిలిపినది వేరు. పైక్ ఒక గోడ మీద మాగ్నెటిక్ టేపు ముక్కలను అడ్డదిడ్డంగా అంటించాడు. టేపు యంత్రంలోంచి శబ్దాన్ని చదివే హెడ్డును ఊడదీసి, పొడుగాటి తీగ తగిలించి, చూడవచ్చినవారి చేతికిచ్చాడు. హెడ్డును టేపు మీద రుద్దితే శబ్దం వస్తుంది. వేగంగా రుద్దితే కీచుమంటుంది. మెల్లగా రుద్దితే మూలుగుతుంది. వెనక్కి రుద్దితే తిరగబడుతుంది. ఎక్కడ మొదలుపెట్టాలో, ఎక్కడ ఆపాలో వినేవాడి ఇష్టం. ఆ రచన పేరు 'రాండమ్ యాక్సెస్'. ఆ మాట కంప్యూటరు పరిభాషలోది. వరసగా మొదటి నుంచి చదవనక్కరలేకుండా కావలసిన చోటికి నేరుగా పోగల జ్ఞాపకశక్తి అని దాని భావం. సగటు మనిషి కంప్యూటరును కంటితో చూడని ఆ కాలంలో ఒక సంగీత విద్యార్థి దాన్ని గోడమీద, చేతికందేట్టు పరిచి చూపించాడు.

మనుషుల జ్ఞాపకం పనిచేసేది కూడా ఇంచుమించు అట్లాగే. 1996లో మేము పరిశోధన కోసం హోసూరు చుట్టుపక్కల పల్లెల్లో తిరిగి, ముసలివారి మాటలు క్యాసెట్ల మీద రికార్డు చేశాము. అక్కడ ఒకే వీధిలో తెలుగు, కన్నడం, తమిళం వినబడతాయి. మా దగ్గర ప్రశ్నల పట్టిక ఒకటి ఉండేది: ముందు బంధుత్వ పదాలు, తరువాత వ్యవసాయ పదాలు, తరువాత కథ. ఒక అవ్వ ఈ వరసకు ఒక్కనాడూ లొంగలేదు. నాగలి భాగాల పేర్లు అడిగితే మేడి దగ్గర ఆగి, చిన్ననాడు చనిపోయిన తమ్ముడి సంగతి ఎత్తుకునేది, అక్కడి నుంచి కరువు, కరువు నుంచి రాగిసంకటి, మళ్లీ నాగలి. టేపు వృథా అవుతున్నదని మేము మధ్యలో మీట నొక్కి ఆపిన చోట్లు ఇప్పుడు వింటే స్పష్టంగా తెలుస్తాయి. ఆ ఆపిన చోట్లలో ఏమి పోయిందో మరి తెలియదు. పైక్ హెడ్డును వినేవాడి చేతికిచ్చాడు. మేము అవ్వ చేతిలోంచి లాక్కున్నాము.

తరువాతి కొన్నేళ్లను త్వరగా చెప్పుకుందాం. వుప్పర్టాల్ తరువాత పైక్ జపాను వెళ్లి షూయా ఆబె అనే ఇంజనీరుతో కలిసి రిమోటుతో నడిచే మరమనిషిని తయారుచేశాడు. దానికి మొట్జార్ట్ రచనల పట్టికలోని సంఖ్య తీసుకొని కె-456 అని పేరు పెట్టాడు. అది నడుస్తూ అమెరికా అధ్యక్షుడు కెనెడీ ప్రసంగం వినిపించేది, దారిలో చిక్కుడుగింజలు విసర్జించేది. 1964లో న్యూయార్క్ చేరాడు. షార్లట్ మూర్‌మన్ అనే చెల్లో వాద్యకారిణితో చాలా ఏళ్లు కలిసి పనిచేశాడు. 1982లో, మ్యూజియంలో తన ప్రదర్శన జరుగుతుండగానే, కె-456ను వీధిలోకి నడిపించి కారు గుద్దినట్టు ఒక ప్రమాదాన్ని ఏర్పాటు చేశాడు. దాన్ని ఇరవైయొకటవ శతాబ్దపు మొదటి ప్రమాదమని ప్రకటించాడు.

ఈ కాలానికి సంబంధించి పుస్తకాల్లో తరచుగా కనిపించే కథ ఒకటుంది. 1965 అక్టోబరు 4న పోప్ ఆరవ పాల్ న్యూయార్క్ వచ్చిన రోజు, పైక్ అప్పుడే కొన్న సోనీ చేతి వీడియో కెమెరాతో టాక్సీలోంచి ఊరేగింపును తీసి ఆ రాత్రే ఒక కాఫీ క్లబ్బులో చూపించాడనీ, వీడియో కళ పుట్టింది ఆ రాత్రేననీ ఆ కథ. వీపున తగిలించుకొని తిరగగల సోనీ పోర్టపాక్ అంగడికి వచ్చింది 1967లో. అందువల్ల ఆ రోజు ఆయన చేతిలో ఉన్న యంత్రమేదన్న దానిపై చరిత్రకారుల్లో వాదం ఉంది. ఆ రాత్రి ఏదో చూపించాడనడంలో సందేహం లేదు. కాని ఒక కళకు పుట్టినరోజు నిర్ణయించాలనే ఉబలాటం, ఊరి పేర్లకు వ్యుత్పత్తి కథలు కట్టే ఉబలాటం వంటిదే. విద్యార్థులు రెంటినీ ఒకే జాగ్రత్తతో చదవాలి.

1965లోనే మొదలైన ఇంకొక రచన పేరు 'చంద్రుడే అన్నిటికన్నా పాత టీవీ'. పిక్చర్ ట్యూబు దగ్గర అయస్కాంతం పెట్టి, తెరమీది వెలుగును వంచి, చంద్రకళల్లాగా కనిపించేట్టు చేశాడు. చీకటి గదిలో వరుసగా టీవీలు, ఒక్కొక్క దానిలో ఒక్కొక్క కళ. ప్రసారం లేదు, కథ లేదు. పిల్లవాడిని చంకనెత్తుకొని, చందమామను చూపి గోరుముద్దలు తినిపించిన ఇళ్లలో పెరిగిన మనకు ఈ పేరు అర్థం కావడానికి వ్యాఖ్యానం అక్కరలేదు. మనుషులంతా ఒకేసారి తలెత్తి చూసే తెర అది. దానిలో కుందేలు కనబడిందా, పేదరాశి పెద్దమ్మ కనబడిందా అన్నది చూసేవాళ్ల ఇంటిని బట్టి ఉంటుంది.

1974లో న్యూయార్క్‌లోని ఒక గ్యాలరీలో గోడ ఖాళీగా ఉంటే, అది నింపడానికని తన దగ్గరున్న పాత బుద్ధ విగ్రహాన్ని తెచ్చి టీవీ ఎదుట కూర్చోబెట్టాడు. వెనక కెమెరా. కెమెరా బుద్ధుణ్ణి చూస్తుంది, టీవీ ఆ బొమ్మను చూపిస్తుంది, బుద్ధుడు తనను తాను చూసుకుంటూ ఉంటాడు. 'టీవీ బుద్ధ' పైక్ రచనలన్నిటిలోకీ పేరుమోసింది. దీన్ని ధ్యానమని కొందరు, ఆత్మమోహమని కొందరు వ్యాఖ్యానించారు. ఇద్దరూ వదిలేసిన వివరం మాకు ముఖ్యమనిపిస్తుంది. ఆ అమరికలో టేపు లేదు. క్షణం కిందటి బుద్ధుడు ఎక్కడా నిలవ ఉండడు. చూడటం ఉంది, దాచటం లేదు. జ్ఞాపకం గురించి పనిచేసిన మనిషి చేతిలో జ్ఞాపకం లేని యంత్రానికే అంత పేరు రావడం విచిత్రం.

ఉపగ్రహం మాట వచ్చినప్పుడు మన దేశం సంగతి కొంత చెప్పుకోవాలి. 1975 ఆగస్టు 1 నుంచి 1976 జూలై 31 దాకా, అమెరికా ఉపగ్రహం ఏటీఎస్-6 సాయంతో సైట్ అనే ప్రయోగం జరిగింది. ఆంధ్రప్రదేశ్, కర్ణాటక, ఒడిశా, బీహారు, మధ్యప్రదేశ్, రాజస్థాన్ రాష్ట్రాల్లో సుమారు 2,400 పల్లెలకు నేరుగా టీవీ ప్రసారాలు అందాయి. ఊరుమ్మడి పెట్టె ముందు జనం నేలమీద కూర్చుని సేద్యం, ఆరోగ్యం, చదువు గురించిన కార్యక్రమాలు చూశారు. సరిహద్దుల్లో ఉండేవారికి ఆసక్తి కలిగించే ఏర్పాటు అందులో ఒకటుంది: బొమ్మకు ఒక దారి, మాటకు రెండు దారులు. ఒకే బొమ్మను ఒకేసారి రెండు భాషల్లో పంపవచ్చు. రెండు భాషల్లోనూ మసలే మనిషికి ఏ గొంతు వినిపించాలో పెట్టె దగ్గరే నిర్ణయమైపోయేది. హోసూరు అవ్వ వంటివారు ఒకే వాక్యంలో మోసే రెండు భాషల కోసం మూడో దారి ఏ ఇంజనీరూ వేయలేదు.

పైక్ ఉపగ్రహాన్ని వాడుకున్నది 1984 జనవరి 1న. ఆర్వెల్ రాసిన '1984' నవలలో టీవీ మనుషుల మీద నిఘా వేసే యంత్రం. ఆ ఏడాది తొలిరోజునే 'శుభోదయం ఆర్వెల్ గారూ' అన్న అర్థం వచ్చే పేరుతో న్యూయార్క్‌నూ పారిస్‌నూ కలిపి, కొరియాకూ జర్మనీకీ అందేట్టు ప్రత్యక్షప్రసారం చేయించాడు. కేజ్, బోయిస్, కవి గిన్స్‌బర్గ్, మూర్‌మన్ అందరూ ఉన్నారు. మధ్యలో సాంకేతికంగా తప్పులు దొర్లాయి, అనుకున్నవి అనుకున్నట్టు కలవలేదు. పైక్ దాన్ని లోపంగా తీసుకోలేదు.

ఆ ఏడాది జూన్‌లో ఆయన కొరియా వెళ్లాడు. 1950లో పద్దెనిమిదేళ్ల వయసులో దాటిన గడప మళ్లీ తొక్కేసరికి యాభైరెండు నిండవస్తున్నాయి. మధ్యలో 34 ఏళ్లు. ఈలోగా జపనీస్, జర్మన్, ఇంగ్లీషు, ఫ్రెంచి భాషల్లో మాట్లాడాడు, రాశాడు. దేశం విడిచిపోయినవారి నోట సొంతభాష విడిచిన నాటి రూపంలోనే కొంతకాలం ఆగిపోతుందన్నది భాషాశాస్త్రంలో అందరూ ఎరిగిన విషయం. మా క్యాసెట్లలో అవ్వ 'ఉండాది' అంటుంది. అటు రాయలసీమలోనూ వినబడే ఆ రూపాన్ని పాఠ్యపుస్తకాల తెలుగు ఎన్నడూ లోపలికి రానివ్వలేదు. కోస్తా నుంచి వచ్చిన మా సహాధ్యాయి ఒకరు ఆ టేపు విని, ఈమెకు తెలుగు సరిగ్గా రాదన్నారు. అప్పుడు మేము గట్టిగా బదులు చెప్పలేదు.

1986లో పైక్ 'మరమనుషుల కుటుంబం' చేశాడు. తాత, నాయనమ్మ, తల్లి, తండ్రి, పిల్లలు. అందరినీ టీవీ పెట్టెలను పేర్చి కట్టాడు. తాత, నాయనమ్మలకు పాతకాలపు రేడియోల చెక్కపెట్టెలు వాడాడు. తల్లిదండ్రులకు కొంత తరువాతి పెట్టెలు, పిల్లలకు కొత్త టీవీలు. పై చర్మాన్ని చూసి వయసు చెప్పవచ్చు. కాని అందరి ముఖాల్లోనూ కదిలేవి అప్పటి బొమ్మలే. పాత చెక్క ఒంట్లో ఆనాటి రేడియో పాట వినబడదు. దీన్ని చమత్కారమని కొందరు మెచ్చుకున్నారు. మాకు మాత్రం దిగులు కలిగింది. తాత పెట్టెలో తాత గొంతు లేదు కదా.

మరి ఆ పెట్టెలే పాడైతే? ఈ ప్రశ్న పెద్దయెత్తున లేచింది సోల్ దగ్గరి గ్వాచన్‌లో. సోల్ ఒలింపిక్స్ జరిగిన 1988లో అక్కడి జాతీయ ఆధునిక, సమకాలీన కళా మ్యూజియంలో పైక్ 1,003 టీవీలను 18.5 మీటర్ల ఎత్తున బౌద్ధ గోపురం ఆకారంలో నిలబెట్టాడు. పేరు 'ఎన్ని ఉంటే అంత మంచిది'. అక్టోబరు 3 కొరియా జాతి పుట్టుకను తలచుకునే పండుగ. 1,003 అన్న సంఖ్య దానికి గుర్తు. పిక్చర్ ట్యూబుకు ఆయుష్షు ఉంటుంది. 2003లో టీవీలన్నీ మార్చారు. 2006 జనవరి 29న పైక్ మయామీలో కన్నుమూశాడు. న్యూయార్క్‌లో జరిగిన అంత్యక్రియల్లో వచ్చినవారు ఒకరి టై ఒకరు కత్తిరించుకొని ఆయన దగ్గర ఉంచారు. 2018 ఫిబ్రవరిలో, ప్రమాదం జరగవచ్చన్న భయంతో గోపురాన్ని ఆపివేశారు.

అప్పుడు వాదం నడిచింది. ప్రపంచంలో పిక్చర్ ట్యూబులు తయారుచేయడం దాదాపు ఆగిపోయింది. అన్నీ తీసేసి పల్చటి తెరలు పెడితే మళ్లీ నలభై యాభై ఏళ్లు చూసుకోనక్కరలేదని కొందరు. ఉబ్బెత్తు గాజు, దాని వెనక బరువైన పెట్టె, లోపలి నుంచి వచ్చే ఆ వెలుగు, ఇవి పోతే అది పైక్ గోపురం కాదని కొందరు. చిక్కేమిటంటే, పరికరాలు చెడితే కొత్త సాంకేతికతతో మార్చుకోవచ్చని పైక్ తానే ఒప్పుకున్నాడు. చెడిన టీవీని గోడవార నిలబెట్టినవాడు ఇంకేమంటాడు? అయినా 2019లో మ్యూజియం వీలైనంతవరకు పాత ట్యూబులనే నిలుపుకోవాలని నిర్ణయించింది. వాడేసిన టీవీలను వెతికి, కొని, భాగాలు ఊడదీసి, బాగుచేశారు. ఎంత వెతికినా పనికిరాకుండా పోయిన చోట్ల, ముఖ్యంగా పైఅంతస్తుల చిన్న పెట్టెల్లో, ఎల్‌సీడీ తెరలు అమర్చారు. 2022 సెప్టెంబరులో గోపురం మళ్లీ వెలిగింది. ఆయుష్షు తరిగిపోకుండా రోజుకు కొద్దిసేపే నడిపేట్టు నియమం పెట్టుకున్నారు.

మేము పాత ట్యూబుల పక్షం. ఇందులో తర్కం కన్నా సొంత అనుభవమే ఎక్కువ. మా క్యాసెట్లు నలభై రెండు. కొన్నేళ్ల కిందట, అప్పుడు మేమున్న చోట, వాటిని కంప్యూటరులోకి ఎక్కించారు. ఎక్కించేటప్పుడు 'అనవసరమైన చప్పుడు' తీసేయించారు. తీసేసిన చప్పుడులో అవ్వ ఇంటి ముందు రాగులు విసిరే తిరగలి ఉంది, మధ్యలో కన్నడంలో పలకరించిపోయిన పొరుగామె ఉంది. పని అయిపోయిందని క్యాసెట్ల పెట్టెను పాత ఇనుముతో పాటు వేయబోతే, అందులో పందొమ్మిదింటిని ఒక బంట్రోతు మాకు తెచ్చి ఇచ్చాడు. మిగిలిన ఇరవై మూడూ శుభ్రపరిచిన రూపంలో మాత్రమే ఉన్నాయి. వాటిలో అవ్వ ఎక్కడో గాజుగదిలో కూర్చుని మాట్లాడినట్టు ఉంటుంది.

ఈ పందొమ్మిదింటిని వినిపించే టేప్ రికార్డరు కోసం చాలా అంగళ్లు తిరిగాము. చివరికి బెంగళూరులో రేడియోలు బాగుచేసే ఒక ముసలాయన పాతదొకటి అమ్మాడు. బెల్టు మార్చి, దూదిని స్పిరిట్‌లో ముంచి హెడ్డు తుడిచి, ఒక క్యాసెట్టు వేశాడు. ముందు గరగర. తరువాత తిరగలి. ఆ మీదట పడుచు గొంతుతో మేము పుస్తకాల తెలుగులో అడుగుతున్నాము, 'మీ పూర్వికులు ఏ ప్రాంతం నుంచి వచ్చారండీ?' అని. అవ్వ తిరగలి ఆపకుండానే, 'యాడినుంచీ రాలే నాయనా, ఈడనే ఉండాము' అన్నది. రేడియో ముసలాయన నవ్వి, ఆమెది తమ అమ్మ మాటలాగే ఉందని కన్నడంలో అన్నాడు.